వాలుగ చేప దవడ నుంచి ఫ్యాషన్ వేదిక దాకా

పొందూరు సన్న ఖద్దరుకు నగరాల్లో కొత్త గిరాకీ
వడికే చేతులు మాత్రం తగ్గిపోతున్నాయి

పొందూరు: పొందూరు పేరు చెబితే పాతతరం వారికి మల్లెపూవులాంటి తెల్లటి పంచె, భుజాన మడతపెట్టిన కండువా గుర్తుకు వస్తాయి. సినీనటుడు అక్కినేని నాగేశ్వరరావుకు ఈ ఊరి పంచె అంటే ఎంతో మక్కువ. శాసనసభకు వెళ్ళినా, పెళ్ళి పందిట్లో కూర్చున్నా పొందూరు పంచె కట్టుకోవడం ఒకనాడు పెద్దరికానికి గుర్తు. ఇప్పుడు పంచె కట్టేవారు తగ్గారు. అయినా పొందూరు గుడ్డ కోసం వచ్చేవారు ఆగలేదు, వారి రకం మారింది.

దుస్తుల రూపకల్పన చదువుకున్న యువతీ యువకులు ఇప్పుడు ఈ ఖద్దరు గురించి ఆరా తీస్తున్నారు. భూమికి, నీటికి హాని చేయని బట్ట ఏదీ అని ప్రపంచమంతా వెతుకులాట మొదలైంది. కరెంటు లేకుండా, చుక్క పెట్రోలు ఉత్పత్తి కలవకుండా, ఇంటి వసారాలో తయారయ్యే పొందూరు నూలు ఆ వెతుకులాటలో వారి కంట పడింది. పెరటి చెట్టు వైద్యానికి పనికిరాదన్నట్టు మన జిల్లాలో చాలామందికి పట్టని ఈ విద్య, నగరాల్లో కొత్త ఫ్యాషన్‌గా చెలామణీ అవుతోంది.

సంతోషించవలసిన విషయమే. కానీ గిరాకీ వచ్చిన వేళకు రాట్నం ముందు కూర్చునేవారు కరువయ్యేటట్టు ఉన్నారు. ఫ్యాషన్ తెచ్చే డబ్బు వడికే ఆడమనిషి చేతిదాకా చేరుతుందా, లేదా అన్నదాని మీదే ఈ విద్య నిలవడం ఆధారపడి ఉంది.

దువ్వెన చేప దవడే

పొందూరు ఖద్దరు గొప్పతనం మగ్గం దగ్గర మొదలు కాదు, పత్తి దగ్గర మొదలవుతుంది. శ్రీకాకుళం, విజయనగరం ప్రాంతాల మెట్ట భూముల్లో, కొండవాలుల్లో పండే నాటు పత్తి దీనికి ఆధారం. కొండ పత్తి, పునాస పత్తి, ఎర్ర పత్తి అని వీటికి పేర్లు. ఎర్ర పత్తి దూదికి పుట్టుకతోనే లేత గోధుమ ఛాయ ఉంటుంది. ఈ పత్తుల పోగు పొట్టి. మిల్లులకు పొడుగు పోగు కావాలి కనుక అవి దీనివంక చూడవు. పొట్టి పోగును సన్నటి నూలుగా లాగడం మనిషి చేతికే సాధ్యం.

గింజతో ఉన్న పత్తిని ముందు దువ్వాలి. అందుకు వాడే పనిముట్టు వాలుగ చేప దవడ. ఆ దవడకు సూదిమొనల్లాంటి చిన్న చిన్న పళ్ళు వరుసలుగా ఉంటాయి. ఒక్కొక్క గింజను చేత్తో పట్టుకొని, దాని చుట్టూ ఉన్న దూదిని ఆ పళ్ళతో దువ్వుతారు. చెత్త, నలుసు, పుచ్చు పోగు రాలిపోయి మంచి పోగు ఒక వరుసకు వస్తుంది. ఈ దవడలను గోదావరి ప్రాంతం నుంచి తెప్పించుకుంటారు. ఇనుప దువ్వెన, ప్లాస్టిక్ దువ్వెన దీనికి సాటి రావు.

దువ్విన పత్తిని చెక్కపలక మీద పెట్టి సన్నటి ఇనుప కడ్డీతో నొక్కి దొర్లిస్తే గింజ ఒకవైపు, దూది ఒకవైపు విడిపోతాయి. జిన్నింగ్ మిల్లులో జరిగే పని ఇక్కడ అరచేతి ఒత్తిడితో జరుగుతుంది. పోగు తెగదు, వేడెక్కదు. తరువాత చిన్న విల్లుతో దూదిని ఏకుతారు. నారి మీటినకొద్దీ దూది పొంగి, పాల నురుగులాగా తేలికపడుతుంది. దాన్ని పుల్ల మీద చుట్టి ఏకులు చేస్తారు. ఏకు మేకయిందన్న సామెతలోని ఏకు ఇదే. ఏకులు నలగకుండా, దుమ్ము పడకుండా ఎండిన అరటి డొప్పలో భద్రపరుస్తారు. వడికేటప్పుడు ఆ డొప్పను చేతిలో పట్టుకొనే దారం లాగుతారు.

చేప దవడ, చెక్కపలక, ఇనుప కడ్డీ, విల్లు, అరటి డొప్ప. ఈ ఐదూ కలిపితే పొందూరు ఖద్దరుకు మిల్లు తయారైనట్టే. పాడైతే పారేసినా కడ్డీ ఒక్కటి తప్ప మిగిలినవన్నీ మట్టిలో కలిసిపోతాయి.

నూరు కిలోమీటర్ల దారం

వడికేది ఒంటి కదురు రాట్నం మీద. చక్రానికి 24 ఆకులు. కుడిచేత్తో చక్రం తిప్పుతూ, ఎడమచేత్తో ఏకు నుంచి దారం లాగుతారు. చక్రం ఎంత వేగంగా తిరగాలో, చెయ్యి ఎంత దూరం పోవాలో ఏ పుస్తకంలోనూ ఉండదు. తల్లి పక్కన కూర్చున్న కూతురి చేతికి అలవాటుగా రావాలి. ఎక్కువగా పట్టుశాలి కుటుంబాల ఆడవారు తరతరాలుగా ఈ పని చేస్తున్నారు.

ఇక్కడ 100 నుంచి 120 నంబరు దాకా నూలు వడుకుతారు. నంబరు పెరిగినకొద్దీ నూలు సన్నమవుతుంది. ఖాదీ లెక్కలో నూరో నంబరు నూలంటే కిలోకు 100 చిలపలు, చిలపకు 1000 మీటర్లు. అంటే కిలో నూలును విప్పి పరిస్తే 100 కిలోమీటర్లు. శ్రీకాకుళం నుంచి ఇంచుమించు విశాఖపట్నం పొలిమేరల దాకా పోతుంది. ఒక చీరకు పడుగు, పేక కలిపి దాదాపు 35 నుంచి 40 కిలోమీటర్ల దారం కావాలి. అదంతా ఒక్క కదురు మీద, ఒక్కొక్క చేయి చాపు చొప్పున వచ్చిన దారం.

మిల్లు నూలుకు బిగువు ఎక్కువ, అంతటా ఒకే లావు. చేతినూలుకు పురి కాస్త వదులు. దారంలో అక్కడక్కడ సన్నం, లావు ఉంటాయి. ఆ వదులులోనే గాలి నిలుస్తుంది, చెమట ఇంకుతుంది. వేసవిలో చల్లగా ఉంటుందని, ఉతికినకొద్దీ మెత్తబడుతుందని కట్టినవారు చెప్పేది ఇందువల్లనే.

గాంధీజీ ఆరా తీసిన ఊరు

చేతితో ఇంత సన్నటి నూలు తీయవచ్చునంటే స్వాతంత్ర్యోద్యమ కాలంలో చాలామంది నమ్మలేదు. పొందూరు గుడ్డను చూసిన గాంధీజీ దాని తయారీ విధానం తెలుసుకొని రమ్మని కుమారుడు దేవదాస్ గాంధీని ఇక్కడికి పంపారు. అప్పటినుంచి పొందూరు పేరు దేశానికి తెలిసింది. చికాకోలు అని ఇంగ్లీషువారు పిలిచిన శ్రీకాకుళం మస్లిన్లకు అంతకుముందే, కంపెనీ కాలంలోనే మంచి పేరు ఉండేది.

1949లో ఇక్కడ ఆంధ్ర సన్న ఖాదీ కార్మికాభివృద్ధి సంఘం ఏర్పడింది. 1955లో ఆచార్య వినోబా భావే వచ్చి సంఘ భవనానికి శంకుస్థాపన చేశారు. పత్తి ఇవ్వడం, నూలు తీసుకొని కూలి కట్టడం, ఆ నూలును నేతగాళ్ళకు అందించి గుడ్డను అమ్మడం సంఘం పని. 1956 నాటి ఖాదీ చట్టం ప్రకారం, నూలు కూడా చేతితో వడికి, చేతిమగ్గం మీద నేసినదే ఖాదీ. మిల్లు నూలుతో మగ్గం మీద నేస్తే అది చేనేత అవుతుంది కాని ఖాదీ కాదు. ఈ తేడా కొనేవారిలో చాలామందికి తెలియదు.

ఫ్యాషన్ ఖద్దరు వైపు ఎందుకు తిరిగింది

గుడ్డ చవకబడటం వెనుక ప్రపంచం చాలా పెద్ద ధర చెల్లించింది. 2013 ఏప్రిల్ 24న బంగ్లాదేశ్‌లో రానా ప్లాజా అనే భవనం కూలింది. అందులో విదేశాలకు దుస్తులు కుట్టే కార్మికులు పనిచేసేవారు. 1134 మంది చనిపోయారు. చవక చొక్కా వెనుక ఏముందో అప్పుడు చాలామందికి తెలిసివచ్చింది. వాడి పారేసిన దుస్తులు దక్షిణ అమెరికాలోని చిలీ దేశపు అటకామా ఎడారిలో గుట్టలుగా పడి ఉన్న ఫొటోలు ఆ తరువాత లోకమంతా చూసింది. పాలిస్టర్ పెట్రోలియం నుంచి వస్తుంది. ఉతికిన ప్రతిసారీ కంటికి కనబడని ప్లాస్టిక్ పోగులు నీటిలో కలుస్తాయి. ఎడారిలో పారేసినా, చెరువులో పారేసినా అది కుళ్ళదు.

నూలు గుడ్డకైనా ఖర్చు తక్కువేమీ కాదు. ప్రపంచ సగటు చూస్తే కిలో నూలు గుడ్డ తయారుకావడానికి, పత్తి పండించడంతో కలిపి, దాదాపు 10 వేల లీటర్ల నీరు అవసరమవుతుందని లెక్క. వానమీద పండే నాటు పత్తికి కాలువ నీరు, బోరు నీరు పెట్టనక్కరలేదు.

2007లో ఇంగ్లండుకు చెందిన కేట్ ఫ్లెచర్ అనే పరిశోధకురాలు ఈ పరుగుకు ఎదురుగా ‘స్లో ఫ్యాషన్’ అన్న మాట వాడుకలోకి తెచ్చారు. తక్కువ గుడ్డలు కొనాలి, మంచివి కొనాలి, ఎక్కువకాలం వాడాలి, చేసినవారికి న్యాయమైన కూలి దక్కాలి అన్నది దాని సారాంశం. పాత చీరలను పొరలుగా వేసి బొంత కుట్టుకునే మన ఇళ్ళలో ఇది కొత్త సంగతి కాదు. పట్టణాల్లో మరచిపోయిన సంగతి.

ఖద్దరే కాన్వాసు

ఈ ప్రాంతపు నేతను ఫ్యాషన్ వేదిక మీదికి తీసుకువెళ్ళిన వారిలో హైదరాబాద్ డిజైనర్ గౌరంగ్ షా ఒకరు. ‘మహానటి’ చిత్రానికి దుస్తుల రూపకల్పనలో జాతీయ అవార్డు పంచుకున్న ముగ్గురిలో ఆయన ఉన్నారు. జాందానీ నేతమీద ఆయన చాలాకాలంగా ప్రయోగాలు చేస్తున్నారు.

2019లో గాంధీజీ 150వ జయంతి సందర్భంగా ముంబయిలోని జాతీయ ఆధునిక కళా ప్రదర్శనశాలలో ‘సంతతి’ పేరుతో ఒక ప్రదర్శన జరిగింది. రాజా రవివర్మ చిత్రాలను ఖద్దరు చీరల మీద నేయించి గౌరంగ్ షా అక్కడ పెట్టారు. మొత్తం 30 చీరలు. నేసినవారు శ్రీకాకుళం ప్రాంతపు నేతగాళ్ళు. రంగులు ప్రకృతిసిద్ధమైనవి. మన పూజగదుల్లో కేలండర్ల మీద చూసే లక్ష్మి, సరస్వతి బొమ్మలకు మూలపురుషుడు రవివర్మే. ఆయన కుంచెతో తెచ్చిన మెడ వంపు, చీర మడత, నీడ వెలుగులను వీరు దారంతో తెచ్చారు.

జాందానీ నేత చూడటానికి సులువుగా కనిపిస్తుంది. బొమ్మను గళ్ళ కాగితం మీద గీసి పడుగు కింద పెడతారు. పడుగు సన్నం కనుక కింది గీత పైకి కనిపిస్తుంది. నేతగాడు నాడె విసిరి ఒక పేక వేశాక, బొమ్మ ఉన్నంతమేర చిన్న చిన్న కండెలతో రంగు దారాన్ని పడుగు పోగుల మధ్య చేత్తో చుట్టి, మళ్ళీ పేక వేస్తాడు. రంగు మారిన ప్రతిచోటా వేరే కండె. ముఖం నేయాలంటే పక్కపక్కనే పదుల సంఖ్యలో కండెలు వేలాడతాయి. మగ్గం దగ్గర ఇద్దరు కూర్చున్నా రోజుకు వేలెడు రెండు వేళ్ళ మేర సాగడమే గొప్ప. అటువంటి చీర పూర్తికావడానికి నెలలు పడుతుంది. రంగు దారం బొమ్మ ఉన్నచోటే తిరుగుతుంది కనుక గుడ్డ వెనుక వేలాడే పోగులు ఉండవు, వృథా ఉండదు.

కత్తెర పెట్టేముందు లెక్క

అవార్డులు వచ్చినవారి సంగతి అలా ఉంచితే, ఇప్పుడు చదువు ముగించుకొని వస్తున్న కొత్తతరం డిజైనర్లు ఖద్దరుతో చేస్తున్న ప్రయోగాలు వేరు. వారికి 30 చీరలు నేయించే స్తోమత లేదు. పది, ఇరవై మీటర్ల గుడ్డతో మొదలుపెడతారు. గుడ్డ ఖరీదు ఎక్కువ కనుక ఒక్క అంగుళం పారేయడానికి మనసొప్పదు.

చొక్కాలు, గౌనులు కత్తిరించే పరిశ్రమలో నూటికి 15 వంతుల దాకా గుడ్డ ముక్కలుగా పోతుందని అంచనా. దీన్ని తప్పించడానికి కొత్త డిజైనర్లు చదరపు, దీర్ఘచతురస్రపు ముక్కలతోనే దుస్తులు రూపొందిస్తున్నారు. చంక కింద పలక, భుజం మీద మడత, నడుము దగ్గర కుచ్చు. ముక్క ముక్కకూ చోటు దొరుకుతుంది. ఆలోచిస్తే మన చీర, పంచె, కండువా మొదటినుంచీ అటువంటివే. మగ్గం మీద నుంచి దిగింది దిగినట్టే కట్టుకోవచ్చు. కత్తెర అక్కరలేదు, దర్జీ అక్కరలేదు. లావైనా, సన్నమైనా అదే గుడ్డ సరిపోతుంది.

రంగు వేయకుండా వదిలేయడం మరో ప్రయోగం. ఎర్ర పత్తి లేత గోధుమ ఛాయ, తెల్ల పత్తి పాలమీగడ ఛాయ. ఈ రెండింటినీ పడుగు, పేకలుగా కలిపి చారలు, గళ్ళు తెస్తే రంగుల తొట్టితో పనిలేదు. ఒకప్పుడు లోపం అనుకున్న దారపు ఎగుడుదిగుడును దాచకుండా, అదే అందంగా చూపించడం ఇంకొక తీరు.

ఇబ్బందులూ ఉన్నాయి. పురి వదులు కనుక కత్తిరించిన అంచు త్వరగా పోగులూడుతుంది. అందుకని అంచును రెండు మడతలు వేసి కుట్టాలి. కుట్టకముందు గుడ్డను నానబెట్టి ఆరవేయకపోతే మొదటి ఉతుకుకే చొక్కా కురచ అవుతుంది. ఒళ్ళు పట్టినట్టు బిగుతుగా కుడితే కుట్ల దగ్గర గుడ్డ చీలుతుంది. గుడ్డ చెప్పినట్టు డిజైనర్ వినవలసిందే.

రంగుల సంగతి

1856లో ఇంగ్లండులో విలియం పెర్కిన్ మొదటి రసాయన రంగు కనిపెట్టారు. 1897లో జర్మనీ కర్మాగారంలో తయారైన నీలి రంగు మార్కెట్లోకి వచ్చాక మన నీలిమందు సాగు మూలపడింది. ఇప్పుడు మళ్ళీ నీలి ఆకు, దానిమ్మ తొక్క, మంజిష్ఠ వేరు, కరక్కాయ, బెల్లపు నీటిలో ఊరవేసిన తుప్పు ఇనుము వాడకంలోకి వస్తున్నాయి. కరక్కాయ నీటిలో ముంచిన గుడ్డకు తుప్పు నీళ్ళు తగిలితే నల్లబడుతుంది. పటిక తగిలిన చోట మంజిష్ఠ ఎర్రగా పట్టుకుంటుంది. పెడన కలంకారీ అద్దకం వారికి ఈ విద్య తెలిసిందే.

చెట్టు రంగు కదా అని అన్నీ మంచివే అనుకోరాదు. రంగు నిలవడానికి కొందరు రాగి, క్రోమియం లవణాలు కలుపుతారు. అవి కాలువలో కలిస్తే రసాయన రంగుకన్నా మేలు ఏమీ ఉండదు. కాచడానికి కట్టెలు, కడగడానికి నీళ్ళు కూడా బాగా కావాలి. పటిక, ఇనుములకే పరిమితమై, కడిగిన నీటిని తిరిగి వాడితేనే పర్యావరణం పేరు చెప్పుకోవడానికి అర్హత.

చక్రం నడకే నడక

ఫ్యాషన్ వ్యాపారానికి, పొందూరు రాట్నానికి అసలు పేచీ కాలం దగ్గర వస్తుంది. పట్టణంలో దుకాణం వారు నెలలో 500 మీటర్లు కావాలంటారు. అన్నీ ఒకే లావు, ఒకే రంగు ఉండాలంటారు. ఇక్కడ పత్తి దువ్వడం నుంచి ఒక చీర మగ్గం దిగేదాకా ఎన్నో చేతులు మారాలి. వానాకాలంలో దూది చెమ్మగిల్లితే ఏకు సరిగా రాదు. నాట్ల వేళ, కోతల వేళ ఆడవారు పొలానికి పోతారు. పండగ వస్తే, ఇంట్లో జబ్బు చేస్తే చక్రం ఆగుతుంది.

తొందర పెడితే జరిగేది ఒక్కటే. చేతినూలు చోట మిల్లు నూలు దూరుతుంది, మగ్గం చోట మరమగ్గం దూరుతుంది, పేరు మాత్రం పొందూరుగా మిగులుతుంది. పొందూరు పేరుతో మరమగ్గం గుడ్డ అమ్మే నకిలీ వ్యాపారం ఇప్పటికే ఉంది. ఇలాంటి మోసాన్ని అరికట్టడానికి 2013లో ఖాదీ మార్క్ నిబంధనలు వచ్చాయి. కొనేవారు ఆ గుర్తు చూసి కొనాలి. గుడ్డను వెలుతురుకు ఎదురుగా పట్టి చూస్తే చేతినూలులో సన్నం, లావు తెలిసిపోతాయి. అచ్చుగుద్దినట్టు అంతా ఒకేలా ఉంటే అనుమానించవలసిందే.

అందుచేత తెలిసిన డిజైనర్లు ముందు గుడ్డ ఎంత దొరుకుతుందో అడిగి, ఆ తరువాతే ఎన్ని దుస్తులు కుట్టాలో నిర్ణయించుకుంటారు. ఏడాది ముందు చెప్పి, కొంత సొమ్ము ముందుగా కడితే సంఘానికి పత్తి కొనడానికి, వడికేవారికి పని చూపడానికి వీలవుతుంది. కొత్త ఫ్యాషన్‌లో నిజంగా కొత్త ప్రయోగం ఏదైనా ఉంటే అది ఇదే.

కూలి లెక్క

వడికే కూలి చిలప లెక్కన వస్తుంది. ఖాదీ కమిషన్ 2024 అక్టోబరు 2 నుంచి దేశమంతటా చరఖా కూలిని చిలపకు 10 రూపాయల నుంచి 12 రూపాయల 50 పైసలకు పెంచింది. పెంచడం మంచిదే. కాని చిలప లెక్క అందరికీ ఒకేలా కలిసిరాదు. ఇతర ప్రాంతాల్లో వాడే అంబర్ చరఖా మీద ఒకేసారి చాలా కదుళ్ళు తిరుగుతాయి. ఏకులు బయటినుంచి తయారై వస్తాయి. పొందూరులో కదురు ఒకటే. ఏకు కూడా ఇంట్లోనే కావాలి. రోజంతా దువ్వి, విడదీసి, ఏకి, వడికితే చేతికి వచ్చేవి కొద్ది చిలపలే. పొలం కూలితో పోల్చినా ఈ రాబడి తక్కువ.

నీడపట్టున కూర్చుని చేసే పని అని పైవారు అంటారు. నడుము వంచి, కళ్ళు చికిలించి గంటల తరబడి కూర్చుంటే తెలుస్తుంది ఆ సుఖం. నలభై దాటాక సన్న దారం కంటికి ఆనదు. తల్లి సంపాదన చూసిన కూతురు రాట్నం ముట్టడంలేదు. చదువుకున్నవారు ఉద్యోగం వెతుక్కుంటున్నారు, చదువులేనివారు కుట్టుమిషనుకో, వలస పనికో పోతున్నారు. వారిని తప్పుపట్టడానికి ఎవరికీ హక్కు లేదు.

వేలల్లో పలికే చీర, విమానమెక్కి వెళ్ళి వేదికమీద మెరిసే దుస్తు, వాటి ఖరీదులో వడికిన చేతికి వచ్చే వాటా ఎంత? పర్యావరణానికి మేలు అని చీటీ అంటించే ప్రతి డిజైనర్ ముందుగా జవాబు చెప్పవలసిన ప్రశ్న ఇది. డిజైనర్ పేరు పెద్ద అక్షరాల్లో ఉంటుంది. నేతగాడి ఫొటో అప్పుడప్పుడు పడుతుంది. వడికిన మనిషి ఊసు ఎక్కడా ఉండదు.

ఢాకా నేర్పే పాఠం

ఉంగరంలో దూరేంత సన్నటి ఢాకా మస్లిన్ గురించి వినని వారుండరు. ఇప్పుడు బంగ్లాదేశ్‌లో ఉన్న ఢాకా ప్రాంతంలో నదీతీరాన మాత్రమే పండే ‘ఫుటీ కర్పాస్’ అనే నాటు పత్తితో దాన్ని నేసేవారు. ఆ పత్తిని దువ్వడానికి అక్కడి ఆడవారు వాడిన పనిముట్టు కూడా చేప దవడే. బెంగాలీలో బోయాల్ అనే ఆ చేప మన వాలుగే. వందల మైళ్ళ దూరంలో ఉన్న రెండు చోట్ల మనుషులకు ఒకే ఉపాయం తట్టింది.

కంపెనీ పాలనలో నేతగాళ్ళు చితికిపోయారు. మిల్లు గుడ్డ వచ్చి మార్కెట్టు పోయింది. అడిగేవారు లేక పత్తి సాగు ఆగింది, చివరికి ఆ మొక్కే కనిపించకుండా పోయింది. గత పదేళ్ళలో బంగ్లాదేశ్‌లో ఆ మస్లిన్‌ను తిరిగి తేవడానికి నడుం కట్టారు. పాత గుడ్డ నమూనాల కోసం లండన్ వెళ్ళవలసి వచ్చింది. పోయిన మొక్కను పల్లె పల్లె తిరిగి వెతికారు. జన్యు పరీక్షలు చేయించారు. సన్న నూలు వడకడం ఆడవారికి మొదటినుంచి నేర్పించారు. ఎంతో ఖర్చు, ఎంతో శ్రమ పడ్డాక కొద్ది చీరలు నేయగలిగారు. 2020లో దానికి భౌగోళిక గుర్తింపు కూడా తెచ్చుకున్నారు. ఢాకా జాందానీ నేతకు అంతకుముందే, 2013లో యునెస్కో గుర్తింపు వచ్చింది. నేత బతికి ఉన్నా, సన్న నూలు చచ్చిపోతే మస్లిన్ రాలేదు.

అక్కడివారు లండన్‌లో వెతుక్కున్నది మనకు పొందూరు వీధుల్లో ఇంకా ఉంది. పత్తి ఉంది, దవడ ఉంది, దువ్వడం తెలిసిన చెయ్యి ఉంది. ఉన్నప్పుడు నిలబెట్టుకోవడానికి అయ్యే ఖర్చు, పోయాక తెచ్చుకోవడానికి అయ్యే ఖర్చులో పదోవంతు కూడా ఉండదు.

చేయవలసినవి

మొదటిది పత్తి. మెట్ట రైతు నాటు పత్తి వేస్తే గిట్టుబాటు ధరకు ముందుగానే ఒప్పందం కావాలి. 2002లో బీటీ పత్తి వచ్చాక నాటు రకాలు దేశమంతటా వెనకబడ్డాయి. కొండ పత్తి, పునాస పత్తి, ఎర్ర పత్తి విత్తనం ఇక్కడి రైతు చేతిలో ఉండేటట్టు వ్యవసాయ శాఖ చూడాలి. రెండోది కూలి. ఒంటి కదురు మీద సన్న నూలు వడికేవారికి మిగతా చరఖాలతో కలపకుండా వేరే లెక్క కట్టాలి. పత్తి దువ్విన పనికి, ఏకు చేసిన పనికి కూడా విలువ వేయాలి. మూడోది శిక్షణ. నేర్చుకునే కాలంలో భత్యం ఇస్తే ఈడుపిల్లలు ఒకరిద్దరైనా వస్తారు. పెద్దవారికి కళ్ళజోళ్ళు, వెలుతురున్న షెడ్డు పెద్ద ఖర్చేమీ కాదు.

నాలుగోది వాలుగ చేప. నదులలో, చెరువులలో ఈ చేప తగ్గుతోంది. మార్కెట్లో కోసిన చేపల దవడలను పారేయకుండా సేకరించి వడికేవారికి అందించే ఏర్పాటు మత్స్యశాఖ చేయవచ్చు.

ఐదోది కొనేవారి వంతు. ఏడాదికి పది చవక చొక్కాలు కొనే ఇంట్లో ఒక్క తువ్వాలైనా, ఒక్క పంచైనా పొందూరుది ఉండటం అసాధ్యం కాదు. జిల్లాలో పెళ్ళిళ్ళకు పెట్టే బట్టల్లో ఒక జత ఇక్కడిది పెడితే బయటి ఊరి డిజైనర్ కోసం ఎదురుచూడనక్కరలేదు.

ఫ్యాషన్ ఈ ఏడాది ఖద్దరు అంటుంది, వచ్చే ఏడాది మరొకటి అంటుంది. దాని మాట నమ్ముకొని ఒక ఊరు బతకలేదు. వచ్చిన గిరాకీని కూలిగా, శిక్షణగా, విత్తనంగా మార్చుకోగలిగితే ఆ గిరాకీ పోయినా రాట్నం తిరుగుతుంది. ఆ పని సంఘం ఒక్కటే చేయలేదు. ఖాదీ కమిషన్, రాష్ట్ర ప్రభుత్వం, పొందూరు పేరు చెప్పుకొని అమ్ముకునే డిజైనర్లు కలిసి రావాలి. వాలుగ చేప దవడ పట్టుకొని పత్తి దువ్వే చేతులు ఇంకా ఉండగానే ఆ పని మొదలుకావాలి.